తేదీ మీద బొట్టు

మాదాపూర్,
20 నవంబరు 1998.

శారద వదినకు,

నీ తమ్ముడి పెళ్లాం భూలక్ష్మి దండం పెట్టి రాసేది. మంచిర్యాలలో మీరంతా చల్లగా ఉంటే చాలు, మా సంగతి అడక్కు. అడగకపోయినా చెబుతాను, ఎందుకంటే ఇందులో నీ చెయ్యి కూడా ఉంది.

నీ తమ్ముడు నాలుగేళ్లుగా సాఫ్ట్‌వేర్ కంపెనీ వ్యాన్ నడుపుతున్నాడు కదా. ఆ కంపెనీ ఈ నెలలో మా ఊరి బండల నడుమ కట్టిన గుండ్రటి బిల్డింగులోకి మారింది. ఇంటి నుంచి నడిచి పోయేంత దూరం. జనం పెరుగుతున్నారు, వ్యాన్ తీసేసి పెద్ద బస్సు కొంటాం, అది రవీందర్‌కే ఇస్తాం అని కూడా అన్నారు. నేనైతే బస్సుకు కొట్టాల్సిన కొబ్బరికాయ కూడా అనుకొని పెట్టుకున్నాను.

కొత్త బిల్డింగుకు గేటు పాసులు కావాలని డ్రైవర్లందరినీ లైసెన్సు జిరాక్సులు అడిగారు. ఈయన ఇచ్చాడు. జిరాక్సులో తేదీ ఉండాల్సిన చోట నల్లటి మచ్చ పడింది. మేనేజరు రంగనాథ్ గారు అసలు పుస్తకం తెమ్మన్నారు. ఆయనది కడప. తెరిచి చూసి, “ఏమప్పా రవీందరూ, తేదీ యాడుంది? ఈడ బొట్టు దప్ప ఏం కనపడ్లేదే!” అన్నారట. జేబురుమాలు తడిపి తుడిచారు. కింద నుంచి 18 ఆగస్టు 1996 బయటపడింది. లైసెన్సు చచ్చిపోయి రెండేళ్లు దాటింది వదినా! దానికి మనం ఏటా దసరాకు పసుపు కుంకుమ పెట్టి దండం పెడుతున్నాం.

స్టీరింగుకు, స్పానర్లకు, లైసెన్సుకు ఆయుధపూజ నాడు బొట్లు పెట్టేది ఇంటి ఆడబిడ్డవు నువ్వే కదా. చోటు చూసుకొని పెట్టొద్దా? ఎవరికీ కనపడకుండా సరిగ్గా తేదీ మీదే పెట్టావు. ఇంక ఆయనకు మాత్రం ఎట్లా తెలుస్తుంది?

రంగనాథ్ గారు తాళంచెవి తీసుకున్నారు. “జనవరి నెలాఖరు దాకా చూస్తా. రెన్యువల్ తెచ్చినావా, బస్సు నీదే. తేలేదా, ఇంకొకర్ని పెట్టుకుంటా” అన్నారు. అప్పటిదాకా గేటు దగ్గర కూర్చోబెట్టి, వచ్చే పోయే బండ్ల నంబర్లు రిజిస్టరులో రాయమన్నారు. గేటు అన్న మాట వినగానే ఆయన ముఖం చూడాల్సింది. ఫ్యాక్టరీ బస్సు నడిపిన మామయ్య కూడా ఆఖరికి ఆ ఫ్యాక్టరీ గేటు దగ్గరే కూర్చున్నాడు కదా, అదే మనసులో మెదిలినట్టుంది. నేను గేటు ఎదురుగానే బండి పెట్టి ఇడ్లీలు అమ్ముతాను కాబట్టి పొద్దంతా ఆ ముఖమే నాకు దర్శనం.

నీ జవాబు తొందరగా రాయి. ఎప్పటిలాగే నేనే చదివి వినిపించాలి. “నువ్వు చదివితే మా అక్క పక్కన కూసొని మాట్లాడినట్టు ఉంటది” అంటాడు. ఇన్నేళ్ల కాపురంలో నన్ను మెచ్చుకున్నది ఆ ఒక్క విషయంలోనే.

నీ మరదలు,
భూలక్ష్మి


మంచిర్యాల,
2 డిసెంబరు 1998.

మరదలు భూలక్ష్మిని దీవించి శారద రాసేది.

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. మొదటిసారి కోపం వచ్చింది, రెండోసారి ఇంకా ఎక్కువ వచ్చింది. లైసెన్సు వాడిది, జేబు వాడిది, తేదీ వాడిది. తప్పు మాత్రం నా వేలిదా? బాగుందమ్మా నీ న్యాయం!

ఆ గాడిదను పక్కన కూర్చోబెట్టుకొని ఈ ముక్క గట్టిగా చదువు: ఒరేయ్ రవీ, నలభై నాలుగేళ్లు వచ్చినయి, తలకాయ ఉన్నది టోపీ పెట్టుకొనేటందుకేనా? లైసెన్సు తేదీ చూసుకోనోడివి బండి ఏం నడుపుతవురా?

ఇప్పుడు నీతో. నేను ఏటా బొట్టు అట్ట మీదే పెట్టేదాన్ని. కావాలంటే చూడు, అట్ట మీద పాత మరకలు ఉంటాయి. మూడు దసరాల కింద వాడే పుస్తకం తెరిచి, నా వేలు పట్టుకొని, “ఈడ పెట్టక్కా, లోపల పెడితే మంచిది” అన్నాడు. అప్పటి నుంచి అదే చోట పెట్టిస్తున్నాడు. తమ్ముడు ముచ్చట పడుతున్నాడు కదా అని నేనూ మురిసిపోయి రెండు బొట్లు ఎక్కువే పెట్టాను. ఇంతకంటే నాకేమీ తెలియదు.

జరిగిందేదో జరిగింది, పరేషాన్ కావద్దు. లైసెన్సు ఆఫీసు ముందర ఏజెంట్లు ఉంటారట, మీ అన్నయ్య చెబుతున్నాడు. పుస్తకం, ఫొటోలు ఇస్తే వాళ్లే అన్నీ చేయించుకొస్తారట. డాక్టరు సర్టిఫికెట్ కూడా వాళ్లే చూసుకుంటారట. దవాఖానల చుట్టూ, డాక్టర్ల చుట్టూ వాడిని తిప్పకు. తొందరగా పని కానిచ్చి, బస్సు కొన్నాక కబురు చెయ్యి. కొబ్బరికాయ నేనొచ్చి కొడతా, నీ చేతికి బలం లేదు.

ఇట్లు,
శారద


మాదాపూర్,
15 డిసెంబరు 1998.

వదినా,

ఈ ఉత్తరం ఆయనకు తెలియకుండా రాస్తున్నాను. ముందు నా తప్పు ఒప్పుకుంటాను. బొట్టు తప్పు నీది కాదు. నీ వేలు పట్టుకొని పెట్టించాడని రాశావు చూడు, ఆ మాట దగ్గర ఆగిపోయాను. ఎందుకు పట్టుకున్నాడా అని మూడు రోజులు ఆలోచించాను.

ఈలోగా రంగనాథ్ గారు ఇడ్లీ తినడానికి వచ్చి, “ఏమ్మా, మీ ఆయన రాసే నంబర్లు సగం తప్పులే. ఆ నంబర్ల బండ్లు ఈ ఊర్లోనే లేవు” అన్నారు. నేను గేటు వైపు చూశాను. బండి వస్తే నీ తమ్ముడు నంబరు ప్లేటు వైపు చూడనే చూడడు. కిటికీ దగ్గరికి పోయి, “నంబరెంత సార్?” అని నవ్వుకుంటూ అడుగుతాడు. చెప్పినవాళ్లవి సరిగ్గా ఉంటున్నాయి, చెప్పకుండా వెళ్లినవాళ్లవి తోచినట్టు రాస్తున్నాడు.

ఇంటికి వచ్చాక నీ ఉత్తరం ఆయన చేతిలో పెట్టాను. అప్పటికి ఇంకా చదివి వినిపించలేదు. “చేతులు పిండిగా ఉన్నాయి, మీ అక్క ఏం రాసిందో నువ్వే చదివి చెప్పు” అన్నాను. కాగితం అటు తిప్పాడు, ఇటు తిప్పాడు. కాసేపు పెదవులు కదిపాడు. “అందరు మంచిగనే ఉన్నరట. చలి బాగున్నదట. నిన్ను అడిగినట్టు చెప్పమన్నది” అన్నాడు. వదినా, నువ్వు గాడిద అని రాసిన ముక్క మీద వేలు పెట్టి చెప్పాడు ఆ మాట!

నేను నవ్వలేదు. “గట్టిగా చదువు” అన్నాను. అప్పుడు కాగితం కింద పెట్టేశాడు. “అక్షరాలు అలుక్కపోతున్నయే. నాలుగేండ్ల సంది దగ్గరిది కనపడ్తలేదు. గిప్పుడు దూరంది కూడ గట్లనే అయింది” అన్నాడు. రెన్యువల్ అంటే డాక్టరు కళ్లు చూస్తాడు. అందుకే తేదీ దాటిపోయిందని తెలిసి కూడా పోలేదు. అందుకే నీ వేలు పట్టుకొని బొట్టు దాని మీద పెట్టించాడు.

“మరి ఇన్నాళ్లు ఎట్లా నడిపావు?” అని అడిగాను. “రోడ్డు నాకు కంఠతా వచ్చు” అన్నాడు. ఎక్కడి కంఠతా వదినా? ఇక్కడ నిన్నటి రోడ్డు ఇవాళ ఉండదు. పొద్దున చదునుగా ఉన్నచోట సాయంత్రానికి కేబులు గుంట తవ్వి పెడుతున్నారు. దీపావళి ముందు అట్లాంటి గుంటలోనే చక్రం దిగిందట. లోపల ఉన్న భార్గవి అనే పిల్ల నుదురు ముందు సీటుకు కొట్టుకొని బొప్పి కట్టిందట. అది కూడా ఇప్పుడే చెప్పాడు. గుంట మీద రాళ్లు పేర్చి, ఎర్రగుడ్డ కట్టి ఉంచారట. ఆ ఎర్రగుడ్డ తనకు కనపడలేదట. ఆ వ్యాన్‌లో పద్నాలుగు మంది కూర్చుంటారు.

కళ్ల డాక్టరు దగ్గరికి పోదాం అంటే ఇంత ఎత్తున లేచాడు. “కండ్లు బాగలేవని చెప్పినందుకే మా నాయన్ను బస్సు దింపిండ్రు. ఆయన గేటు కాడ్నే ముసలోడైండు. నేను గూడ గట్లనే చావాల్నా?” అన్నాడు. అద్దాలు పెట్టుకున్న డ్రైవర్‌ను ఎవడూ ఉంచుకోడట.

నువ్వు చెప్పకముందే ఏజెంటును కూడా చూసిపెట్టుకున్నాడు. పేరు సీతారామాంజనేయులు, రాజమండ్రి వైపు మనిషి. “మీరు రానక్కర్లేదండి. డాక్టరు గారు ఫొటో చూసి సంతకం పెట్టేస్తారండి” అన్నాడట. ఫొటోలు ఇచ్చేశాడు. పుస్తకం ఒక్కటే ఇవ్వాలి. దాన్ని నేను బియ్యం డబ్బాలో దాచాను. ఇల్లంతా వెతుకుతున్నాడు, నన్ను అడగడానికి మొహం చాలక ఊరుకున్నాడు.

పుస్తకం ఇస్తే ఉద్యోగం దక్కుతుంది, బస్సు వస్తుంది. అందులో యాభై మందిని ఎక్కించుకొని కళ్లు కనపడకుండా నడుపుతాడు. ఇవ్వకపోతే ఫిబ్రవరి నుంచి ఇంట్లో కూర్చుంటాడు, నన్ను జీవితాంతం తిట్టుకుంటాడు. నా మాట వినడు. నీ మాట కాదనడు. పెద్దదానివి, ఏం చెయ్యమంటావో చెప్పు.

భూలక్ష్మి


మంచిర్యాల,
8 జనవరి 1999.

తమ్ముడు రవీందర్‌కు,

ఇది నీకే రాస్తున్నాను. భూలక్ష్మితో చదివించకు. ఒక్కో అక్షరం బొటనవేలంత రాశాను, పేజీకి ఆరు వరుసలే పట్టాయి. లెక్కల పుస్తకం మొత్తం చింపితే గానీ ఉత్తరం పూర్తి కాలేదు. గుమ్మం బయట వెలుగులో కూర్చొని నువ్వే చదువుకో.

భూలక్ష్మి అంతా రాసింది. దాని మీద కోప్పడకు. మూడు వారాలు నేను జవాబు రాయలేదు. రాయడానికి ధైర్యం చాలలేదు. ఏజెంటు దగ్గరికి పొమ్మని రాసిన రోజే నాకు లోపల భయంగా ఉంది. నీ కళ్ల సంగతి తెలియదు గానీ, డాక్టరు అనగానే నాన్న గుర్తొచ్చాడు. ఆ మాట అక్కడితో తప్పించేద్దామని అట్లా రాశాను.

ఇప్పుడు చెప్పేది నీకు తెలియదు. నాన్న పోయాక నేను ఒక్కదాన్నే మోస్తున్నాను.

అప్పుడు నీకు ఎనిమిదేళ్లు, నాకు పద్నాలుగు. ఫ్యాక్టరీలో డ్రైవర్లకు కళ్ల పరీక్ష పెడతామన్నారు. నాన్న నన్ను వెంటబెట్టుకొని ఫ్యాక్టరీ దవాఖానకు పోయాడు. గోడ మీద ఇంగ్లీషు అక్షరాల అట్ట ఉంది. “బిడ్డా, జర గవన్ని నోటుబుక్కుల రాసుకో” అన్నాడు. రాసుకొచ్చాను. వారం రోజులు నేను చెబుతుంటే నాన్న వల్లె వేశాడు. స్నానం చేస్తూ కూడా వల్లె వేసేవాడు. నాకు గర్వంగా ఉండేది, నాన్నకు నేను పంతులమ్మనైనట్టు. పరీక్షలో ఒక్క తప్పు కూడా లేకుండా చెప్పాడు. ఆ రోజు నాకు గాజులు కొనిపెట్టాడు.

నాలుగు నెలలకు బస్సు ఒక ఎడ్లబండిని గుద్దింది. బండి తోలే రామన్న చెయ్యి మోచేతి దగ్గర విరిగింది, మళ్లీ సరిగ్గా అతుక్కోలేదు. ఎద్దు అక్కడే చచ్చిపోయింది. నాన్నకు బండి కనపడలేదు. దారిలో అంత పెద్ద బండి ఉంటే కనపడలేదు రవీ! అందుకు దింపారు నాన్నను. నీకు మాత్రం “కండ్లు పోయినయని తీసేసిండ్రు” అని చెప్పారు. అమ్మ నాతో ఒట్టు వేయించుకుంది.

ఆ తర్వాత గేటు దగ్గర కూర్చోబెట్టినప్పుడు ఫ్యాక్టరీ డాక్టరు నాన్నకు అద్దాలు ఇచ్చాడు. పెట్టుకొని చూసి, “ముందే తెచ్చుకుంటే నా బస్సు నాకు ఉండు గదా బిడ్డా” అని నా ముందు ఏడ్చాడు. నాన్న ఉద్యోగం పోయింది అద్దాల వల్ల కాదురా. అద్దాలు లేక పోయింది. ఆ అక్షరాలు రాసిచ్చింది నేను. గాజులు తొడుక్కున్నదీ నేనే. రామన్న చెయ్యి తలచుకుంటే ఇప్పటికీ నాకు ముద్ద దిగదు.

తర్వాత నీ లైసెన్సు మీద బొట్టు పెట్టిందీ నేనే. నాన్నకు ఒకసారి, నీకు మూడుసార్లు. ఇంక నా చేత చేయించకండి. నీ చేతులు పట్టుకొని అడుగుతున్నాను. ఏజెంటు దగ్గర ఫొటోలు వెనక్కి తెచ్చుకో. డాక్టరు దగ్గర కనపడనిది కనపడదనే చెప్పు. బస్సు వస్తే వస్తుంది, పోతే పోతుంది. నువ్వు ఇడ్లీల బండి తోసినా నా తమ్ముడివే. వ్యాన్‌లో కూర్చున్న ఏ పిల్లకు ఏమైనా, నాన్నలాగే నువ్వు కూడా తల ఎత్తుకోలేవు.

అక్క,
శారద


మాదాపూర్,
22 జనవరి 1999.

వదినా,

ఏం రాశావో నాకు తెలియదు. నాకు చూపించలేదు. కానీ ఆ ఉత్తరం పట్టుకొని ఇంటి ముందర బండ మీద గంటన్నర కూర్చున్నాడు. ఒక్కో కాగితం చెయ్యి చాచి దూరంగా పట్టుకొని చదివాడు. మధ్యలో నేను టీ తీసుకుపోతే ముఖం అటు తిప్పుకున్నాడు. ఏడుస్తున్నాడని తెలిసినా, తెలియనట్టు వచ్చేశాను.

తెల్లారి లేచి, “బియ్యం డబ్బాల నుంచి పుస్తకం తియ్యి” అన్నాడు. దొంగ మనిషి, ఎప్పుడో కనిపెట్టాడట! ఏజెంటు దగ్గరికే అనుకున్నాను. అక్కడికే పోయాడు, నన్ను కూడా తీసుకుపోయాడు. “ఎందుకండీ మీకు శ్రమ, నేనున్నాను కదండీ” అని ఏజెంటు ఒకటే బతిమాలడం. “డాక్టరు చూడాల్సింది నా కండ్లనా, నా ఫొటోనా? నా ఫొటోలు నాకియ్యి” అన్నాడు నీ తమ్ముడు. తీసుకొని నేరుగా కళ్ల దవాఖానకు నడిచాడు.

డాక్టరమ్మ పేరు నాగేశ్వరి. బోర్డు చూపించి చదవమంది. “పైవి రెండు వరుసలు చదువుతనమ్మా. కిందియి నాకు కనపడ్తలేవు” అన్నాడు. అంత కష్టంగా మాట్లాడటం నేనెప్పుడూ చూడలేదు వదినా, పెళ్లిచూపుల్లో కూడా. ఆమె దీపం పెట్టి అటూ ఇటూ చూసింది. “కళ్లకు జబ్బేమీ లేదు. అద్దాలు చాలు. ఇన్నాళ్లు ఎందుకు రాలేదయ్యా?” అని కోప్పడింది. అద్దాలు పెట్టుకొని బండి నడపవచ్చా అని మూడుసార్లు అడిగాడు. పెట్టుకొనే నడపాలి, పెట్టుకోకుండా నడపకూడదు అని కాగితం మీద రాసి సంతకం చేసింది.

అయిదు రోజులకు అద్దాలు వచ్చాయి. దుకాణంలోనే పెట్టుకొని ముందు నా వైపు చూశాడు. చాలాసేపు చూశాడు. సిగ్గు కూడా వేసింది నాకు. “నీకు తెల్లెంట్రుకలు ఎప్పుడొచ్చినయే?” అన్నాడు. “నీకు కనపడనప్పుడు” అన్నాను. దుకాణం వాడు నవ్వలేక చచ్చాడు.

రంగనాథ్ గారి దగ్గరికి పోయేటప్పుడు మాత్రం అద్దాలు తీసి జేబులో పెట్టుకోబోయాడు. గిల్లాను. పెట్టుకొనే పోయి అంతా చెప్పేశాడు, బొట్టు సంగతి, గుంట సంగతి, అన్నీ. ఆయన అంతా విని, “చెప్పినావు కాబట్టి నిలబడినావు. దాచిపెట్టి ఉంటే నేనే నిన్ను తరిమేసేవాణ్ణి. అద్దాలకేమప్పా, నాకు లేవా? నీ వ్యాన్ ఎక్కేవాళ్లలో సగం మందికి అద్దాలే గదా” అన్నారట. అయితే గడువు గడువే, నెలాఖరుకు లైసెన్సు చేతిలో ఉండాలన్నారు. లైసెన్సు ఆఫీసులో కాగితాలు ఇచ్చి, ఫీజు కట్టి వచ్చాం. ఇంక తొమ్మిది రోజులు ఉన్నాయి. రోజూ పోయి ఆఫీసు మెట్ల మీద కూర్చొని వస్తున్నాడు.

గేటు రిజిస్టరులో ఇప్పుడు ఒక్క నంబరు తప్పు పోవడం లేదు. మొన్న వీధి చివర బండి నంబరు ఇంటి నుంచే చదివి వినిపించాడు. నిన్న నా ఇడ్లీ పిండిలో రాయి ఉందని పట్టుకున్నాడు. అద్దాలు ఎందుకు తెప్పించానా అని కూడా అనిపిస్తోంది.

భూలక్ష్మి


మాదాపూర్,
14 ఫిబ్రవరి 1999.

అక్కా,

నేనే రాస్తున్నాను. భూలక్ష్మి పక్కనే ఉంది కానీ కలం పట్టింది నేనే. పదేళ్లయింది ఉత్తరం రాయక, చెయ్యి వంకర పోతోంది, ఏమనుకోకు.

లైసెన్సు జనవరి 29న వచ్చింది. శుక్రవారం. 2002 జనవరి దాకా ఉంది. తేదీ నేనే చదివాను, రంగనాథ్ సారుకు నేనే చదివి వినిపించాను. తాళంచెవి ఇచ్చాడు. బస్సు ఏప్రిల్‌లో వస్తుందట. వస్తే నాకే.

మొదటి రోజు వ్యాన్ ఎక్కేటప్పుడు భార్గవి మేడమ్‌కు దీపావళి ముందు సంగతి చెప్పాను. గుంటది కాదమ్మా తప్పు, నాది, నాకు కనపడలేదు అన్నాను. నిజంగా కోపం వచ్చింది ఆమెకు. రావాలి కూడా. రెండు వారాలు వెనక సీటులో కూర్చుంది. నిన్న ముందు సీటులోకి వచ్చి కూర్చుంది. ఆ పూట వ్యాన్ ఎంత నెమ్మదిగా నడిపానో నాకే తెలుసు.

నువ్వు అప్పుడు పద్నాలుగేళ్ల పిల్లవు అక్కా. నాయన రాయమన్నాడు, నువ్వు రాశావు. నేను నలభై నాలుగేళ్లవాణ్ణి. నాకు ఎవరూ చెప్పలేదు, నేనే నీ వేలు పట్టుకొని ఆ పని చేయించాను. నీ లెక్కలో ఆ మూడుసార్లు తీసెయ్యి, అవి నావి. రామన్న చెయ్యి కూడా నువ్వు ఒక్కదానివే మోయకు. ఆయన కొడుకు తెల్లాపూర్ దగ్గర కూరగాయలు పండిస్తాడని తెలిసింది. నువ్వు వచ్చినప్పుడు ఇద్దరం పోయి కలుద్దాం.

ఇంకో మాట. ఇంట్లో గోడ మీద నాయన ఫొటో ఉంది కదా, బస్సు ముందర నిలబడి తీయించుకున్నది. చిన్నప్పటి నుంచి ఆ ముఖం చూస్తే నాకు భయం. నా మీద ఏదో కోపంగా ఉన్నాడని అనుకునేవాణ్ణి. అద్దాలు పెట్టుకున్న రోజు దాని ముందర నిలబడి చూశాను. కోపం కాదక్కా. కళ్లు చిట్లించి చూస్తున్నాడు. ఫొటో తీసేవాడు కనపడక చిట్లించాడు, అంతే. ఇన్నేళ్లు ఊరికే భయపడ్డాను.

దసరాకు తప్పకుండా రా. బస్సుకు పెద్ద బొట్టు పెట్టు, లైసెన్సుకు అట్ట మీద పెట్టు, అద్దాల డబ్బాకు కూడా ఒకటి పెట్టు. కొబ్బరికాయ మాత్రం భూలక్ష్మి తానే కొడతానంటోంది, మీరిద్దరూ తేల్చుకోండి.

నీ ఉత్తరం దాచుకున్నాను. అయితే ఇక మీద అంత పెద్ద అక్షరాలు వద్దు. ఎప్పటిలాగా చిన్నగా రాయి, పేజీకి రెండువైపులా రాయి. ఎంత రాసినా నేనే చదువుకుంటాను.

నీ తమ్ముడు,
రవీందర్